చాప్‌స్టిక్స్ నుంచి నేతాజీ దాకా

బీచ్ రోడ్డు పక్కన నిలబడ్డ ఆ నాలుగు తెల్ల స్తంభాలను చూడని తెలుగువాళ్లు సింగపూర్‌లో ఉండరు. రెండో ప్రపంచ యుద్ధంలో జపాన్ ఆక్రమణకు బలైన పౌరుల స్మారకం అది. జనం వాటికి చాప్‌స్టిక్స్ అని పేరు పెట్టుకున్నారు. 70 మీటర్లకు కాస్త తక్కువ ఎత్తు. వాటి పాదాల దగ్గర 600కు పైగా కుండల్లో మనుషుల అస్థికలు ఉన్నాయన్న సంగతి మాత్రం మనలో చాలామందికి పిల్లలు బడి నుంచి మోసుకొస్తేనే తెలుస్తుంది.

ఇక్కడ ఏటా ఫిబ్రవరి 15ను బళ్లలో గుర్తుచేసుకుంటారు. 1942లో బ్రిటిష్‌వాళ్లు జపాన్‌కు లొంగిపోయిన రోజు అది. ఆ తర్వాత మూడు రోజులకే సూక్ చింగ్ మొదలైంది, అంటే తమకు వ్యతిరేకులనుకున్న చైనీయులను జపాన్ సైన్యం ఏరి చంపడం. 18 నుంచి 50 ఏళ్ల చైనీస్ మగవాళ్లంతా వచ్చి హాజరు వేయించుకోవాలి. కొన్నిచోట్ల ముసుగు వేసుకున్న ఇన్‌ఫార్మర్ తల ఊపితే చాలు, ఆ మనిషి పని అయిపోయినట్టే. ఒంటి మీదో చొక్కా మీదో ముద్ర పడినవాళ్లు ఇంటికి, తక్కినవాళ్లు లారీల్లో చాంగీ, పుంగోల్ తీరాలకు. మార్చి 4 దాకా ఇదే. చచ్చిపోయినవాళ్లు జపాన్ వైపు లెక్కలో 5,000 చిల్లర, చైనీస్ పెద్దల లెక్కలో 50,000 దాకా.

1962లో సిగ్లాప్ అనే ప్రాంతంలో ఆ మృతుల ఎముకలు బయటపడ్డాయి. చైనీస్ వాణిజ్య మండలి పూనుకుని తవ్వించింది. స్మారకం మొదట చైనీస్ మృతులకే అనుకున్నారు, తర్వాత అన్ని జాతుల పౌరులకూ అని మార్చారు. అందుకే చైనీస్, మలయ్, ఇండియన్, యురేషియన్ పేర్న నాలుగు స్తంభాలు. 1967 ఫిబ్రవరి 15న అప్పటి ప్రధాని లీ క్వాన్ యూ ఆవిష్కరించారు. అక్కడ నాలుగు భాషల్లో రాసి ఉంది. మాకు తమిళం రాదు, మా అమ్మాయి బడిలో చదివేది హిందీ. ఇంగ్లీషులోనే చదువుకున్నాం.

ఇంతవరకూ చెప్పడం తేలికే. మా నాన్నగారు కాకినాడ నుంచి వచ్చాక చిక్కొచ్చింది. ఆయనకు నేతాజీ అంటే ప్రాణం. 1943లో ఆజాద్ హింద్ ప్రభుత్వాన్ని ప్రకటించిన కేథే భవనం చూపించమని దిగిన రోజునుంచే ఒకటే పోరు. నేతాజీ నడిపిన ఆజాద్ హింద్ ఫౌజ్, అదే ఐఎన్ఏ, దాని స్మారకం ఉండిన చోటు ఈ స్తంభాలకు నడకదూరంలోనే, ఎస్ప్లనేడ్ పార్కులో ఉంది. 1945లో తిరిగొచ్చిన బ్రిటిష్‌వాళ్లు దాన్ని కూల్చేశారు, ఇప్పుడున్నది 1995లో పెట్టిన గుర్తు ఫలకం. తాతామనవరాళ్లు ఒకే సాయంత్రం రెండూ చూశారు. తాతయ్య ఫలకానికి దణ్ణం పెట్టుకున్నారు. అమ్మాయి మాత్రం, "ఈయన జపాన్‌వాళ్ల ఫ్రెండా?" అంది.

నాన్నగారి ముఖం చూడాలి! శత్రువుకు శత్రువు అనీ, దేశం కోసం అనీ ఆయన మొదలుపెట్టారు. నేనేమో ఐఎన్ఏలో చేరనన్న భారతీయ బందీ సైనికుల్లో వేలమందిని జపాన్‌వాళ్లు న్యూగినీ వైపు చాకిరీకి తరలించారనీ, ఎంతోమంది తిరిగి రాలేదనీ చెప్పాను. పిల్ల ముందు అవన్నీ ఎందుకమ్మా అని కసిరారు. నా ఉద్దేశంలో పిల్ల ముందే చెప్పాలి. ఇక్కడ పెరిగే పిల్లకు బడి ఒక జపాన్‌ను చూపిస్తుంది, ఇల్లు ఇంకొకదాన్ని చూపిస్తుంది. దేన్ని దాచినా రేపు ఎవరో ఒకరు చెప్పేస్తారు.

అసలు చిత్రం ఏమిటంటే, 1942 ఏప్రిల్ 6న జపాన్ విమానాలు విశాఖ మీదా కాకినాడ మీదా బాంబులు వేశాయి, అంటే సూక్ చింగ్ ముగిసి నెల దాటీ దాటగానే. ఆ రోజు గురించి మా నాయనమ్మ చెప్పేదని నాన్నగారే అంటారు. అయినా ఆయన జపాన్‌ను ఎన్నడూ తిట్టగా వినలేదు. ఆ కథ అమ్మాయికి తెగ నచ్చింది. "మన ఊరి మీద కూడానా!" అని క్లాసులో చెప్పడానికి రాసుకుంది.

తిరిగొచ్చేటప్పుడు ఎంఆర్‌టీ మెట్రో రైల్లో అమ్మాయి మళ్లీ మొదలుపెట్టింది: "తాతయ్యా, ఇక్కడ వాళ్లను చంపేసిన సంగతి నేతాజీకి తెలుసా?"

"ఆయన వచ్చేసరికి ఏడాది దాటిపోయిందమ్మా."

"అయినా ఎవరో ఒకరు చెప్పే ఉంటారు కదా?"

నాన్నగారు నా వైపు చూశారు. నేను మధ్యలోకి వెళ్లలేదు.