కట్టు కట్టే చేతులు

మాది ఒడిశాలోని బరంపురం, దేవాంగుల ఇల్లు. నాన్న పట్టుచీరలు నేస్తారు. మా చీర అంచులో కుంభం, అంటే గుడి గోపురంలాంటి బొమ్మ, మగ్గం మీదే, కళ్లముందే లేస్తుంది. పోగు తప్పితే అక్కడికక్కడే విప్పి సరిచేసుకోవచ్చు. అందుకే పడమటి ఒడిశాలోని సోన్‌పూర్‌లో మౌసా (ఒడియాలో బాబాయి) చేసే ఇక్కత్ పని, అంటే నూలుని కట్టి రంగు అద్ది నేసే పని, మొదట నాకు అంతుపట్టలేదు. ఆయన దగ్గర నూలు మగ్గం ఎక్కేసరికే బొమ్మంతా అయిపోయి ఉంటుంది.

మౌసా నాన్నకి పాత స్నేహితుడు, వాళ్లది అక్కడి నేతపనివాళ్లైన మెహెర్ల కుటుంబం. పేక (అడ్డపోగు) నూలుని చట్రానికి బిగించి, పోగుల్ని గుత్తులుగా విడదీసి, రంగు తగలకూడని చోటల్లా దారంతో బిగించి చుడతారు. ముందు గీసుకోవడం లేదు, గ్రాఫ్ కాగితం లేదు. శంఖం ఎక్కడ మొదలై ఎక్కడ ఒంపు తిరగాలో వేళ్లకే తెలుసు. తెల్లగా మిగలాల్సింది కట్టి పసుపులో ముంచుతారు. పసుపు నిలవాల్సింది కట్టి ఎరుపులో. ఆఖరికి నలుపు. కట్టు ఏమాత్రం వదులైనా రంగు లోపలికి పాకుతుంది, ఇక ఆ పువ్వు పోయినట్టే. గళ్ల పసాపల్లి చీరకైతే పడుగూ (నిలువు పోగు) పేకా రెండూ ఇలాగే కట్టి అద్దాలి. నేసేటప్పుడు గడికి గడి కలిసేలా ఒక్కో పేకనీ లాగి సరిచూసుకోవాలి. అక్కడ తొందర పనికిరాదు.

ఇంత పని చూశాక, ప్రింటు చీర పక్కన పెట్టి బేరమాడేవాళ్లని చూస్తే నాకు నిజంగా బాధేస్తుంది. తిరగేసి చూడండి. కట్టి అద్దిన నూలు కాబట్టి వెనకా ముందూ రంగు ఒక్కలాగే ఉంటుంది, బొమ్మ అంచు కాస్త చెదిరినట్టుంటుంది. ప్రింటు చాలావరకు వెనక వెలిసినట్టు కనిపిస్తుంది.

సోన్‌పూర్‌కే చెందిన నేత కళాకారుడు చతుర్భుజ మెహెర్‌కి 2005లో పద్మశ్రీ వచ్చింది. ఆ మాట చెప్పేటప్పుడు మౌసా నిటారుగా కూర్చుంటారు. ఆ గౌరవం చిన్నది కాదు. కానీ మౌసా ఇంట్లో కట్టు పనిలో సగం ఆయన భార్య, మా మౌసిదే. పొద్దున వంట కాగానే చట్రం ముందు కూర్చుంటుంది. చూపుడువేలి పక్కన దారం కోసి కోసి చర్మం గట్టిపడిపోయింది. తెలంగాణలో చింతకింది మల్లేశం గారు వాళ్లమ్మ చేతినొప్పి చూడలేక, నూలుని మేకుల చుట్టూ తిప్పి ఆసు పోసే యంత్రం చేశారు, 2017లో పద్మశ్రీ అందుకున్నారు. మౌసి వేసే ముడికి అలాంటి యంత్రం నేనెక్కడా చూడలేదు. చీర అమ్మేటప్పుడు మాత్రం ఆవిడ పేరు ఎవరూ ఎత్తరు.

వాళ్ల చీరలు కొన్ని నేనే వాట్సాప్‌లో అమ్మిపెడుతుంటాను. చీటీ మీద ఇద్దరి పేర్లూ రాస్తానంటే మౌసా వెంటనే సరేనన్నారు, ముందు ఆవిడ పేరే పెట్టమన్నారు. ఇంటికొచ్చి చెబితే నాన్న, "మరి మీ అమ్మ పేరో?" అన్నారు. అమ్మ కండెలు చుట్టకపోతే మా మగ్గం కదలదు. వచ్చే నెల నుంచి మా పట్టుచీరల చీటీలూ అలాగే వేయిస్తున్నాం.