రీలు చివరి ముక్కలు

చెన్నై సాలిగ్రామంలో పాత ఫిల్ములు స్కాన్ చేసే చోట పని నాది. మద్రాసులో ఉద్యోగమంటే మా సోంపేట వైపు ఇంకా కోడంబాకం స్టూడియోలే గుర్తొస్తాయి. అమ్మకైతే నా పని మీద ఇప్పటికీ గురి కుదరలేదు. "సినిమాల్లో పనన్నావు, తీరా డబ్బాలు తుడవడమేట్రా?" అంటుంది ఫోన్లో.

తుడవడం నిజమే. అసిటేట్ ఫిల్ము పాతబడితే దానంతటదే ఎసిటిక్ ఆమ్లం వదులుతుంది. వేడి, తేమ తోడైతే ఇంకా తొందరగా పాడవుతుంది. చెన్నైలో ఆ రెంటికీ కొదవ లేదు కదా! మూత తీయగానే వెనిగర్ ఘాటు ముక్కుకి కొడుతుంది. గ్లవ్స్ వేసుకుని, అంచున వరసగా ఉండే చిల్లులు (పర్ఫొరేషన్లు) చిరిగాయేమో వేలితో తడుముకుంటూ రివైండర్ మీద మెల్లగా తిప్పాలి. 400 అడుగుల 16 ఎంఎం రీలు తెర మీద 11 నిమిషాలే. బల్ల మీద మాత్రం పూట గడిచిపోతుంది.

నిరుడు ఒక ఆర్టిస్టు వచ్చారు. మనిషికీ ప్రకృతికీ మధ్య నడిచిందంతా పాత ఫుటేజీతోనే చెప్పాలని ఆవిడ పట్టుదల. అడవులో, కొంగలో అడుగుతారనుకుంటే డ్యాములు, ఫ్యాక్టరీల ప్రారంభోత్సవాల రీళ్లు అడిగారు. అందులోనూ మేం పక్కన పెట్టేసే చివరి ముక్కలు: మంత్రిగారు రిబ్బను కత్తిరించాక, కెమెరా ఆగేలోపు తిరిగిన కాస్త ఫిల్ము. ఒకదాంట్లో ఒక కూలీ మనిషి కాంక్రీటు తట్ట దించి, కెమెరా చూసి, కొంగు సర్దుకుంటుంది. ఆమె వెనక గుట్ట సగం లేదు. మిగిలిన సగం మీద మేకలు మేస్తున్నాయి. కామెంటరీలో ఆ గుట్ట ఊసే లేదు.

జాన్ అకోమ్‌ఫ్రా పేరు ఆవిడ నోటే విన్నాను. ఘనాలో పుట్టిన బ్రిటిష్ కళాకారుడు. ఇటలీలో జరిగే కళా ప్రదర్శన వెనిస్ బినాలేలో 2015లో 'వర్టిగో సీ' అనే వీడియోని మూడు తెరల మీద చూపించాడు. బీబీసీ ప్రకృతి విభాగం తీసిన దృశ్యాలు, పాత ఫుటేజీ, తాను తీసినవి కలిపి అల్లాడు. తిమింగలాల వేట పక్కనే బానిసల ఓడలు, పడవల మీద దేశం దాటే జనం. మూడు తెరల పనిని లాప్‌టాప్‌లో కాస్త ముక్క చూస్తే ఏం అందుతుంది! అయినా పట్టేసింది. మా వైపువాళ్లు చేపల వేట పనికి గుజరాత్‌లో వెరావల్ దాకా పోతారు. సముద్రాన్ని సీనరీగా చూసే అలవాటు మాకు లేదు. జంతువుల డాక్యుమెంటరీల్లో మనిషి కనపడడు, ప్రారంభోత్సవాల రీళ్లలో నేల కనపడదు. రెండు చోట్లా ఎవరో ఒకరిని పక్కకి తప్పుకోమనే ఉంటారు.

మా సార్‌కి ఈ గొడవ నచ్చదు. బిల్లు నిమిషాల లెక్కన. ఆ ముక్కలకి రీళ్లు తెచ్చినవాళ్లు డబ్బులివ్వరు, హార్డ్‌డిస్కు ఖర్చు మనమే పెట్టుకోవాలి. "అదెల్లాం వేండాంపా" అంటాడు, అవన్నీ వద్దులే అని. సరేలెమ్మని ఇప్పుడు కేటలాగులో మంత్రిగారి పేరు పక్కన గుట్ట, మేకలు, తట్ట మోసిన ఆవిడ అని కూడా ఎక్కిస్తున్నాను. దానికి పైసా ఖర్చు లేదు కాబట్టి ఆయనింకా ఏమీ అనలేదు.