స్లాబ్ పడకముందే

మొన్న రెండో శనివారం పొద్దున్నే అమ్మ ఫోన్. "నాయనా, మన స్థలంలో పునాదులు తవ్వుతున్నార్రా!" కావలిలో నాన్న కొన్న ఇరవై అంకణాలు అవి. పడమటి హద్దు మీద దావా నడుస్తోంది. నేను ఒంగోలు నుంచి వెళ్లేసరికి నాలుగు పిల్లర్లకు కమ్మీలు కట్టేసి ఉన్నాయి. కోర్టుకు సెలవని చూసుకునే మొదలుపెట్టారు. ఒళ్లు మండిపోయింది.

సోమవారం రెండు పిటిషన్లు వేశాం. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 39 కింద పని ఆపమని (ఇంజంక్షన్) ఒకటి, ఆర్డర్ 26 రూల్ 9 కింద అడ్వకేట్ కమిషనర్‌ను, అంటే స్థలం చూసి కోర్టుకు రిపోర్టిచ్చే లాయరును, పంపమని ఇంకొకటి. ఇంజంక్షన్ మీద అవతలివాళ్లకు నోటీసు ఇచ్చి, కమిషనర్‌ను మాత్రం వెంటనే వేశారు. నాకు నిరాశగా అనిపించింది గానీ, మా లాయరుగారు "ఇదే ముఖ్యం బాబూ. ఏ రోజుకు ఎంత కట్టారో రికార్డయిపోతుంది" అన్నారు. నిజమే. గోడలు లేచాక కూల్చమని అడగడం చాలా కష్టం.

కమిషనర్‌గారు వచ్చి కొలుస్తుంటే టేపు రెండో కొస అమ్మే పట్టుకుంది. ఆమె చెయ్యి వణుకుతోంది. పిల్లర్ గుంతలో సిమెంటు ఇంకా పచ్చిగానే ఉంది, అదీ ఫొటో తీశారు. అవతలివాళ్లు మున్సిపల్ ప్లాన్ చూపించారు. ప్లాన్ ఉన్నంత మాత్రాన స్థలం వాళ్లదైపోదు.

ఇంజంక్షన్ ఆర్డర్ వచ్చాక కూడా కడితే ఆర్డర్ 39లోనే ఉన్న రూల్ 2ఎ కింద ఆస్తి జప్తు, 3 నెలల దాకా సివిల్ జైలు. కాకపోతే ఆ పిటిషనూ మనమే వేసుకోవాలి, తేదీలతో ఫొటోలు ఉండాలి. అందుకే అమ్మ రోజూ పొద్దున వెళ్లి ఫోన్‌లో నాలుగు ఫొటోలు తీసి నాకు పంపిస్తోంది. వాయిదా బుధవారం.