ఆ ఒక్క గడి నింపడానికి నాకు పదహారు రోజులు పట్టింది

నిన్న సాయంత్రం దత్తత కాగితాల మీద చివరి సంతకం పడింది. దిక్కులేని కుక్కల్ని సాకే షెల్టర్ వాళ్లు పెట్టిన మూడు నెలల గడువు అయిపోయింది. నా కుక్క చుక్క ఇక పూర్తిగా నాది. సంతోషంతో రాత్రంతా నిద్ర పట్టలేదు. సంతోషం పచ్చిగా ఉండగానే, కోపం కూడా చల్లారకముందే రాసేస్తున్నాను. గుండె జబ్బు వచ్చాక ఇంట్లో ఒక్కరే ఉంటూ, కుక్కను పెంచుకుంటే బాగుండునని ఆలోచించేవాళ్లు నాలాంటివాళ్లు చాలామంది ఉంటారు. వాళ్లకు పనికొస్తే చాలు.

నా వయసు 61. మా ఆవిడ పోయి మూడేళ్లయింది. అమ్మాయి ఉద్యోగం వేరే ఊళ్లో. పోయిన ఏడాది నాకు గుండెపోటు వచ్చింది, స్టెంట్ వేశారు. ఇంటికి పంపేటప్పుడు డాక్టరు గారు నడక గురించి గట్టిగా చెప్పారు. పెద్దవాళ్లు వారానికి కనీసం 150 నిమిషాలు ఒళ్లు కదిలించాలని ప్రపంచ ఆరోగ్య సంస్థే చెబుతోందని, మెల్లగా మొదలుపెట్టి అక్కడిదాకా రమ్మని అన్నారు. బూట్లు కొన్నాను. నాలుగు రోజులు నడిచాను. ఐదో రోజు పొద్దున బూట్లు వేసుకుని, తలుపు దగ్గరిదాకా వెళ్లి, మళ్లీ వచ్చి కుర్చీలో కూర్చున్నాను. నడిచి వచ్చినా అడిగేవాళ్లు లేరు, నడవకపోయినా అడిగేవాళ్లు లేరు.

తర్వాత కొన్నాళ్లకు పాత ఆఫీసు స్నేహితుడొకరు ఊరెళ్తూ తన ముసలి కుక్కను వారం రోజులు నా దగ్గర వదిలారు. ఆ వారంలో రోజుకు రెండుసార్లు చొప్పున పద్నాలుగు సార్లు బయటికి వెళ్లాను. ఒక్కసారి కూడా ఎగ్గొట్టలేదు. అది తలుపు దగ్గర నిలబడి చూస్తుంటే ఎగ్గొట్టడం ఎవరివల్లా కాదు. ఆయన వచ్చి దాన్ని తీసుకెళ్లిన సాయంత్రమే నిర్ణయించుకున్నాను.

ఇంటి ఓనరు ఒక్క ఫోనుతో ఒప్పుకున్నారు. అమ్మాయి మొదట వద్దంది, మర్నాడు సరేనంది. డాక్టరు గారు కూడా కాదనలేదు. కాకపోతే రక్తం పలచబడే మాత్రలు వాడుతున్నాను కాబట్టి గోళ్లు గీరుకుంటే రక్తం త్వరగా ఆగదని, దాని గోళ్లు ఎప్పటికప్పుడు కత్తిరించమని, కుక్కపిల్ల వద్దని, నిమ్మళంగా ఉండే వయసొచ్చిన కుక్కను చూసుకోమని చెప్పారు. ఇంతవరకూ అంతా నల్లేరు మీద నడకే.

తర్వాత షెల్టర్‌కు వెళ్లాను.

నాలుగు పేజీల ఫారం ఇచ్చారు. ఇల్లెంత, రోజుకు ఎన్ని గంటలు బయట ఉంటారు, ఇంతకుముందు కుక్కను పెంచారా, ఇలాంటివన్నీ పది నిమిషాల్లో నింపేశాను. మూడో పేజీ చివర ఒక గడి. "మీకు ఏదైనా జరిగితే ఈ కుక్క బాధ్యత తీసుకునే వ్యక్తి పేరు, ఫోను నంబరు, సంతకం." అక్కడ పెన్ను ఆగింది. చాలాసేపు ఆలోచించి అమ్మాయి పేరు రాశాను.

ఫారాలు చూసే కుర్రాడికి పాతికేళ్లుంటాయి. అక్కడికక్కడే మా అమ్మాయికి ఫోను చేశాడు, స్పీకరు పెట్టి. అప్పటికే రెండు కుటుంబాలు తమ వంతు కోసం కూర్చుని ఉన్నాయి. "నేను తీసుకోలేనండీ, నేనుండే చోట కుక్కల్ని రానివ్వరు" అని మా అమ్మాయి నిజమే చెప్పింది. అతను ఎర్ర పెన్నుతో మా అమ్మాయి పేరు కొట్టేశాడు. "ఇంకెవరైనా ఉన్నారా అంకుల్?" అన్నాడు. లేరన్నాను. "చుట్టాలు?" లేరన్నాను. "ఫ్రెండ్స్? పక్కింటివాళ్లు?" ఒక్కో ప్రశ్నకూ తల అడ్డంగా ఊపుతూ కూర్చున్నాను. పక్కన కూర్చున్న చిన్నపిల్ల నావైపే చూస్తోంది.

కుక్క ఎందుకు కావాలి అన్న చోట నేను "ఆరోగ్యం కోసం" అని రాశాను. అది పైకి చదివాడు. గుండె ఆపరేషనైందా అని అడిగాడు. ఆవరణలో ఒక కుక్కను పట్టుకుని రెండు చుట్లు తిరగమన్నాడు. బలమైన కుక్క, లాగుతోంది. రెండో చుట్టులో ఆయాసం వచ్చి బల్ల మీద కూర్చుండిపోయాను. అతను తాడు నా చేతిలోంచి తీసుకుని, పక్కనున్న అమ్మాయితో అన్నాడు: "ఈయనకు కావాల్సింది కుక్క కాదు, మనిషి."

మెల్లగానే అన్నాడు. కానీ నాకు వినపడింది. ఆ రెండు కుటుంబాలకూ వినపడింది.

ఇరవై రెండేళ్లు నలభై మందితో పని చేయించినవాణ్ని. నా కింద పనిచేసిన ఎవర్నీ నలుగురిలో నిలబెట్టి ఒక్క మాట అనలేదు. ఆ మాట గట్టిగా చెప్పుకోగలను. ఏదైనా అనాలంటే లోపలికి పిలిచి, తలుపు వేసి మాట్లాడేవాణ్ని. నోరులేని జీవాల మీద అంత దయ చూపించే చోట, నోరున్న మనిషి మీద ఆ దయ ఎందుకుండదు? ఆ ప్రశ్న అడగడం తప్పు కాదు. కుక్కకు దిక్కెవరని అడిగి తీరాల్సిందే. అడిగిన తీరు తప్పు. నిన్నటికీ నా అభిప్రాయం అదే, రేపటికీ అదే.

రెండు రోజులు ఎవరితోనూ మాట్లాడలేదు. మూడో రోజు పేరు కోసం వెతకడం మొదలుపెట్టాను.

కుక్కను వదిలి వెళ్లిన స్నేహితుణ్ని మొదట అడిగాను. వాళ్ల ముసలిది ఇంకో కుక్కను గడప తొక్కనివ్వదట. చిన్నాన్న కొడుకును అడిగితే "ఈ వయసులో నీకెందుకురా ఈ తద్దినం" అన్నాడు. కింది వాటాలో ఉండే ఆయన దగ్గరికి వెళ్లాను. ఏడేళ్లుగా ఒకే మెట్లు ఎక్కి దిగుతున్నాం. ఆయనకు నా పేరు తెలియదు, నాకు ఆయన పేరు తెలియదు. సంతకం మాట ఎత్తకుండానే, క్షేమ సమాచారాలు అడిగి వచ్చేశాను. రోజూ ఆ ఫారం బల్ల మీద పెట్టుకుని, ఫోన్లోని పేర్లు పైనుంచి కిందికి చూసుకుంటూ కూర్చునేవాణ్ని. అందులో రెండు వందలకు పైగా పేర్లున్నాయి. సగం మందికి ఫోను చేసి రెండేళ్లు దాటింది. మా ఆవిడ ఉన్నప్పుడు ఈ పలకరింపులన్నీ ఆవిడే చూసుకునేది. ఆ సంగతి ఈ పదహారు రోజుల్లో నాకు అర్థమైంది.

పై అంతస్తులో ఇద్దరు అమ్మాయిలు అద్దెకుంటారు. రెండుసార్లు వాళ్ల మెట్లు సగం ఎక్కి దిగిపోయాను. మూడోసారి ఒకమ్మాయి వానలో తడిసి వస్తూ మెట్ల దగ్గర ఎదురైంది. "అమ్మా, నాకొక సంతకం కావాలి" అన్నాను. ఓనరు మీద ఏదో కంప్లయింట్ అనుకుందట, మొహం మాడ్చుకుంది. విషయం చెప్పాక ఫారం తీసుకుని, ఆ తడి చేతులతోనే మొత్తం చదివింది. "రేపు చెప్తాను అంకుల్" అని వెళ్లింది. మర్నాడు పొద్దున తనే తలుపు కొట్టింది. సంతకం పెట్టింది. ఆదివారం సాయంత్రాలు కుక్కను తనే తిప్పుతానని షరతు పెట్టింది. వెళ్లబోతూ ఆగి, "మీ నంబరు కూడా ఇవ్వండి అంకుల్, రాత్రిపూట మీకేమైనా అయితే మాకు తెలియాలి కదా" అంది.

తను వెళ్లాక తలుపు వేసి చాలాసేపు అక్కడే నిలబడ్డాను.

రెండోసారి షెల్టర్‌కు వట్టి చేతులతో వెళ్లలేదు. పరిశోధనల కాగితాలు ప్రింటు తీసుకుని వెళ్లాను. 1980లో అమెరికాలో వచ్చిన ఒక అధ్యయనం గుండె జబ్బుతో ఆసుపత్రిలో చేరి బయటపడిన 92 మంది ఏడాది తర్వాత ఎలా ఉన్నారో చూసింది. ఇంట్లో పెంపుడు జంతువున్న 53 మందిలో చనిపోయింది ముగ్గురు, లేని 39 మందిలో 11 మంది. 2017లో వచ్చిన స్వీడన్ అధ్యయనంలో 34 లక్షల మంది వివరాలు పన్నెండేళ్లపాటు చూశారు. ఒంటరిగా ఉండేవాళ్లలో కుక్క ఉన్నవాళ్లకు, లేనివాళ్లకంటే మరణం ముప్పు 33 శాతం తక్కువగా కనబడింది. ఇది సరిగ్గా నాలాంటివాళ్ల గురించే కదా అని వాదిద్దామని వెళ్లాను.

ఈసారి అక్కడి పశువైద్యురాలు కూర్చున్నారు. కాగితాలన్నీ ఓపిగ్గా చూశారు. "ఆరోగ్యంగా, ఓపికగా ఉన్నవాళ్లే కుక్కను పెంచుకుంటారేమో, ఆ తేడా కూడా ఇందులో కలిసి ఉండొచ్చు కదండీ" అన్నారు. కుక్కను పెంచుకోవడం గుండెకు మేలు చేయవచ్చని 2013లో చెప్పిన అమెరికన్ హార్ట్ అసోసియేషనే, కేవలం గుండె కోసమని జంతువును తెచ్చుకోవద్దని అదే నివేదికలో చెప్పిందన్నారు. "మందైతే పని చేయకపోతే మానేస్తారు. దీన్ని మానేయలేరు. మీ గుండె బాగుపడకపోయినా దీన్ని ఉంచుకుంటారా?" అని సూటిగా అడిగారు. ఉంచుకుంటానన్నాను. ఎర్ర గీతల పాత ఫారం పక్కన పెట్టి కొత్తది తీశారు. కుక్క ఎందుకు కావాలి అన్న చోట ఈసారి "ఇంట్లో ఎవరూ లేరు" అని రాశాను. ఆవిడ ఏమీ అనకుండా లోపలికి వెళ్లి చుక్కను తీసుకొచ్చారు. నాలుగేళ్ల వయసు, గోధుమ రంగు, నుదుటి మీద వేలిముద్రంత తెల్లమచ్చ. లాగదు. మనతోపాటే నడుస్తుంది.

టీకాలు, నట్టల మందు, మొదటి వారం కంగారు, చెప్పులు కొరకడం, ఇవన్నీ అందరికీ ఉండేవే. దాటేశాం.

ఇప్పుడు పొద్దున పాతిక నిమిషాలు, సాయంత్రం పాతిక నిమిషాలు నడుస్తున్నాను. వారానికి 350 నిమిషాలు. డాక్టరు గారు అడిగినదానికి రెట్టింపు కంటే ఎక్కువ. మూడు నెలల్లో ఐదు కిలోలు తగ్గాను. 150కి 94 ఉండే బీపీ మొన్న 128కి 80 చూపించింది. నర్సు మళ్లీ ఒకసారి కొలిచింది. మాత్రలు మాత్రం పాతవే. ఎవరూ నన్ను చూసి మాత్రలు మానేయకండి, కుక్క వచ్చింది కదా అని బీపీ మందు ఆపితే ప్రాణం మీదికి వస్తుంది.

అంకెల్లో రానివి కూడా చెప్పాలి. ఇంతకుముందు మూడింటికి మెలకువ వస్తే తెల్లవారేదాకా పైకప్పు చూస్తూ పడుకునేవాణ్ని. ఇప్పుడూ మూడింటికి మెలకువ వస్తుంది. చెయ్యి మంచం కిందికి వేస్తే దాని వీపు తగులుతుంది. ఊపిరికి వీపు పైకి లేస్తూ, కిందికి దిగుతూ ఉంటుంది. ఒక్కోసారి తల ఎత్తి చీకట్లో నన్ను చూస్తుంది. నేనూ చూస్తాను. అది మళ్లీ తల పెట్టేసుకుంటుంది, నాకూ నిద్ర పడుతుంది. కుక్క, దాని యజమాని ఒకరి కళ్లలోకి ఒకరు చూసుకున్నప్పుడు ఇద్దరిలోనూ ఆక్సిటోసిన్ అనే హార్మోన్ పెరుగుతుందని 2015లో జపాన్ శాస్త్రవేత్తలు చూపించారు. తల్లీబిడ్డల మధ్య పనిచేసే హార్మోనే అది. నాకు ఆ పేరు తెలియకముందే దాని పని తెలిసింది.

కింది వాటా ఆయన పేరు కూడా ఇప్పుడు తెలుసు. చుక్క ఆయన కాళ్ల దగ్గర ఆగిపోతే నేనూ ఆగాల్సి వచ్చింది, అలా మొదలైంది. వీధిలో పిల్లలకు నేను "చుక్క తాతయ్య"ను.

నడిపేటప్పుడు తాడును చేతికి చుట్టుకోకండి. అది ఒక్కసారి లాగిందంటే మనిషి పడతాడు. అమెరికాలో 65 దాటినవాళ్లకు కుక్కను నడిపిస్తూ ఎముకలు విరిగే సంఘటనలు 2004 నుంచి 2017 లోపు రెట్టింపు కంటే ఎక్కువయ్యాయి. మెడ పట్టీ కన్నా ఛాతీకి తొడిగే పట్టీ మేలు. రేబిస్ టీకా తేదీ గోడ మీద రాసి పెట్టుకోండి. ముద్దొచ్చింది కదా అని కుక్కపిల్లను తెచ్చుకోకండి, మన వయసుకు నాలుగైదేళ్ల కుక్కే సరైన జోడీ. అన్నిటికంటే ముందు ఆ మూడో పేజీ గడి నింపుకుని, ఆ తర్వాతే షెల్టర్‌కు వెళ్లండి. స్పీకరు ఫోను పెడితే వద్దని గట్టిగా చెప్పండి, అది మీ హక్కు.

నిన్న చివరి తనిఖీకి ఇంటికి వచ్చింది ఆ కుర్రాడే. ఫారంలో మళ్లీ అదే గడి. ఈసారి రెండు పేర్లు రాశాను, పై అంతస్తు అమ్మాయిది, కింది వాటా ఆయనది. చదివాడు, టిక్కు పెట్టాడు, సంతకం చేశాడు. ఆ రోజు మాట గుర్తుందో లేదో, అతను క్షమించమనలేదు. నేనూ కదపలేదు, కూర్చోమని కూడా అనలేదు. చుక్క మాత్రం అతన్ని చూడగానే ఒళ్లంతా ఊపుకుంటూ పరుగెత్తి, రెండు కాళ్లూ అతని మోకాళ్ల మీద వేసి మొహమంతా నాకేసింది. నా దగ్గరికి రాకముందు నాలుగు నెలలు దానికి రోజూ తిండి పెట్టింది అతనే. అతను కింద కూర్చుని, ఆ తెల్లమచ్చ మీద బొటనవేలు పెట్టి రుద్దుతూ చాలాసేపు ఉండిపోయాడు. లోపలికి వెళ్లి మంచినీళ్లు తెచ్చి ఇచ్చాను.