రాజకీయం చెప్పే వంత

2011 ఖరీఫ్‌లో గిట్టుబాటు ధర లేక మా కోనసీమ రైతులు పంట విరామం పాటించారు. అప్పుడే మా కాలవగట్టు మీద బుర్రకథ పెట్టారు. అందెలు గలగలలాడిస్తూ కథకుడు వీరగాథే ఎత్తుకున్నాడు. మధ్యలో, పక్కన వంతపాడే ఇద్దరిలో నవ్వించే హాస్యం వంత, "వరెందుకెయ్యలేదు బాబాయ్?" అన్నాడు. రెండోవాడు, రాజకీయం వంత, గుమ్మెట వాయించడం ఆపి, భుజాన ఉన్న గోనెసంచి తిరగేసి దులిపాడు. గింజ రాలలేదు. అందరూ నవ్వారు, మా నాన్న తప్ప.

బుర్రకథలో ఆ పాత్ర పేరే రాజకీయం మరి! 1943లో పుట్టిన కమ్యూనిస్టుల కళాబృందం ప్రజానాట్యమండలి ఈ కళని ఊరూరా తిప్పితే మద్రాసు ప్రభుత్వం నిషేధించింది. ఒక తంబూరా, రెండు గుమ్మెటలకే అంత భయమా అనుకునేవాణ్ని, ఆ సంచి చూసేదాకా.

వెళ్తూ వెళ్తూ దాన్ని గట్టు మీదే మర్చిపోయారు. అమ్మ తెచ్చి కొబ్బరికాయలు పోసుకుంది.