హనోయ్ పాత పేటలో ఆవిరి రేకు

వియత్నాం రాజధాని హనోయ్‌లో తిండి నడకకి నేను కట్టింది 7,50,000 డాంగ్. రూపాయికి దాదాపు 300 డాంగ్ లెక్కన రెండున్నర వేలు. మూడు గంటలు తిప్పి ఆరు చోట్ల తినిపించారు. గోడల మీద రాసిన ధరలు చూసుకుంటూ నేనూ ఒక లెక్క వేశాను: సేమ్యాతో తినే కాల్చిన పంది మాంసం బున్ చా 60,000, ఆవిరి మీద తీసిన బియ్యప్పిండి రేకు చుట్ట బాన్ కువోన్ 45,000, బాన్ మీ రొట్టె 30,000, చే అనే తీపి గిన్నె 30,000, గుడ్డు కాఫీ 40,000, బియా హొయ్ అనే బీరు గ్లాసు 15,000. కూడితే 2,20,000. అంటే మన డబ్బుల్లో ఏడు వందల ముప్ఫై చిల్లర. మిగతా 5,30,000 దారి చూపినందుకు, వివరం చెప్పినందుకు. ఆ మొత్తంలో ఎంత గిట్టింది, ఎంత గిట్టలేదు అన్నది వెళ్ళబోయేవాళ్ళకి తెలియాలి.

నడక సాయంత్రం ఐదున్నరకి హ్వాన్ కియెమ్ చెరువు ఉత్తరపు కొసన మొదలైంది. ఎనిమిది మందిమి. అంతకు మించి ఉన్న గుంపులో చేరకండి. పాత పేటలో మంచి కొట్లకి నాలుగైదు చిన్న బల్లలూ, మోకాలెత్తు కూడా లేని ప్లాస్టిక్ స్టూళ్ళూ తప్ప మరేమీ ఉండవు. పన్నెండు మందిని కూర్చోబెట్టాలంటే గైడ్ పెద్ద హోటలు వెతుక్కోవాలి. అక్కడితో పాత పేట చేజారిపోయినట్టే.

మొదటి దెబ్బ మొదటి మజిలీలోనే తగిలింది. బున్ చా మధ్యాహ్నపు తిండి. పదీ పదకొండు మధ్య పేవ్‌మెంట్ మీద బొగ్గుల కుంపట్లు రాజేస్తారు. కొవ్వు చారలున్న పలచని పంది మాంసం ముక్కలు ఒక జాలీలో, కైమా ఒత్తి చేసిన చిన్న బిళ్ళలు ఇంకో జాలీలో బిగించి, విసురుతూ కాలుస్తారు. కొవ్వు బొట్లు నిప్పుల మీద పడి లేచే పొగ వల్లే ఆ మాంసానికి ఆ రుచి. కాలిన ముక్కలు నేరుగా గోరువెచ్చని పులుసులో పడాలి. చేప సాస్, పంచదార, వెనిగర్, నీళ్ళు కలిపి, ఊరబెట్టిన పచ్చి బొప్పాయి ముక్కలు తేలేసిన పులుసు అది. మాంసం సెగ మీద ఉన్నప్పుడు పడితేనే కొవ్వు కరిగి పులుసులో కలుస్తుంది. సాయంత్రం ఆరింటికి మాకు పెట్టింది మధ్యాహ్నం కాల్చి మళ్ళీ వెచ్చబెట్టినది. ముక్కల అంచులు తోలులా సాగాయి, పులుసు మీద కొవ్వు తెల్లగా పేరుకుంది. 2016 మేలో ఒబామా, అమెరికన్ షెఫ్, టీవీ వ్యాఖ్యాత ఆంథొనీ బూర్డేన్ హనోయ్‌లో స్టూళ్ళ మీద కూర్చుని తిన్నది బున్ చాయే. అందుకే కాబోలు ఏ పూట నడకైనా ఇది లేకుండా పట్టిక రాయరు. కానీ దీనికో వేళ ఉంది. సాయంత్రం నడకలో బున్ చా కనిపిస్తే దాని బదులు వేరేది పెట్టమని ముందే అడగండి. లేకపోతే పొద్దున ఎనిమిదికి మొదలై పదకొండున్నరకి ముగిసే నడక ఎంచుకోండి. చివరి మజిలీకి కుంపటి అప్పుడే రాజుకుని ఉంటుంది.

తినే పద్ధతి కూడా చెప్పాలి. సన్నని తెల్ల సేమ్యాలా ఉండే బున్‌ని అంతా ఒకేసారి పులుసులో దింపితే అది పులుసు తాగేసి ఉండకడుతుంది. చాప్‌స్టిక్‌లతో ఒక్కో పిడచ తీసుకుని ముంచాలి. ఆకులు చేత్తో తుంచి వేసుకోవాలి. ఊదారంగు అడుగున్న ‘తియా తో’ అనే ఆకు ఘాటు ఎక్కువగా ఉంటుంది, రెండు చాలు.

అక్కడినుంచి నడక బాగుపడింది. పాత పేట వీధుల పేర్లు చాలావరకు ‘హాంగ్’తో మొదలవుతాయి. హాంగ్ అంటే సరుకు. హాంగ్ బాక్ వెండి వీధి, హాంగ్ థియెక్ తగరం వీధి, హాంగ్ మా పితృదేవతలకి కాల్చే కాగితపు వస్తువుల వీధి. మన లాడ్ బజార్‌లో ఇప్పటికీ గాజులే అమ్ముతున్నట్టు, హాంగ్ మాలో ఇప్పటికీ కాగితమే. హాంగ్ థియెక్‌లో రేకు మీద సుత్తి మోత ఇంకా వినిపిస్తుంది.

రోడ్డు దాటడం గురించి భయపడేవాళ్ళు ఎక్కువ. హైదరాబాద్ కోఠిలో దాటినవాళ్ళకి సగం వచ్చినట్టే, మిగతా సగం నేర్చుకోవాలి. కోఠిలో మనం పరిగెత్తుతాం, ఆగుతాం, చెయ్యెత్తుతాం. హనోయ్‌లో ఆగినా తప్పే, పరిగెత్తినా తప్పే. మోటార్ సైకిల్ నడిపేవాడు మన వేగం చూసుకుని పది అడుగుల ముందే పక్కకి మళ్ళుతాడు. మన వేగం మారితే అతని లెక్క తప్పుతుంది. ఒకే వేగంతో నెమ్మదిగా, వెనక్కి అడుగు వేయకుండా నడవాలి. బస్సు, కారు వస్తుంటే మాత్రం ఆగాల్సిందే, అవి మళ్ళలేవు.

గైడ్ అమ్మాయి కొట్టు ముందుకి రాగానే “కో ఓయ్!” అని పిలిచేది. కో అంటే మేనత్త వరస. తనకంటే కాస్త పెద్దదైతే చి, అంటే అక్క. కుర్రవాడైతే ఎమ్, తమ్ముడు. వియత్నామీయులు కూడా మనలాగే ముక్కూ మొహం తెలియనివాళ్ళని వరస పెట్టి పిలుస్తారు. వాళ్ళ ‘ఓయ్’లో మన ‘ఓయ్’ లోని దబాయింపు లేదు, మన ‘అత్తా’లోని దీర్ఘం ఎలాంటిదో అది అలాంటిది. ఈ రెండు మాటలు నేర్చుకుని వెళ్తే కొట్లో మీవైపు చూసే చూపు మారుతుంది.

బాన్ కువోన్ కొట్టు నాలుగో మజిలీ. పట్టికలో దానికి ఇచ్చింది పది నిమిషాలు. నా మట్టుకు కట్టిన డబ్బంతా అక్కడే గిట్టింది.

వెడల్పాటి అల్యూమినియం కుండలో నీళ్ళు తెర్లుతుంటాయి. మూతి మీద పలచని గుడ్డ డప్పు మీద తోలులా బిగించి ఉంటుంది. అంచున ఒకచోట చిన్న సందు వదిలారు, ఎక్కువైన ఆవిరి పోవడానికి, నీళ్ళు పోసుకోవడానికి. పక్కన గిన్నెలో బియ్యప్పిండి, పాలకంటే కాస్త చిక్కన. ఆమె గరిటెడు పిండి గుడ్డ నడుమ పోసి, గరిటె అడుగుతోనే మూడు చుట్లలో అంచుదాకా పరిచింది. మూత పెట్టి, రెండో కుండ మీదికి వెళ్ళి అదే పని చేసి, తిరిగి వచ్చి మొదటి మూత తీసింది. మధ్యలో పట్టింది ముప్ఫై సెకన్లలోపే. చదునైన పొడుగాటి వెదురు బద్దని రేకు కిందికి దూర్చి, నడిమికి ఎత్తి, నూనె రాసిన పళ్ళెం మీద పరిచింది. అవతలి మనిషి అందులో వేయించిన పంది కైమా, సన్నగా తరిగిన చెవి పుట్టగొడుగు కూరి, చుట్టి, కత్తెరతో కత్తిరించి, కరకరలాడే ఎర్ర ఉల్లి తురుము జల్లింది.

ఆత్రేయపురంలో పూతరేకులు తీయడం చూసినవాళ్ళకి ఇది సగం తెలిసిన పని. అక్కడా బియ్యప్పిండి నీళ్ళే, అక్కడా గుడ్డే, అక్కడా లెక్క సెకన్లలోనే. నిప్పు దగ్గర దారులు వేరవుతాయి. మన దగ్గర బోర్లించిన కుండ వీపు మీద ఎండు సెగ. గుడ్డ పిండిని మోసుకొచ్చి కుండకి పూసి వెళ్ళిపోతుంది, రేకు క్షణంలో ఎండి కాగితంలా లేస్తుంది. వాళ్ళ దగ్గర గుడ్డే పెనం. సెగ తడిది, రేకు తడిగానే ఉండిపోతుంది. పూతరేకు నెలల తరబడి నిలవుంటుంది, చుట్టాలంటే మళ్ళీ తడిగుడ్డ తగిలించాలి. బాన్ కువోన్ అరగంట దాటితే అతుక్కుని ముద్దవుతుంది. అందుకే దాన్ని పొట్లం కట్టించుకుని హోటల్ గదికి తీసుకెళ్ళడం దండగ. 2023లో భౌగోళిక గుర్తింపు వచ్చాక పూతరేకు విమానాలెక్కి తిరుగుతోంది. బాన్ కువోన్ కోసం మాత్రం మనమే కుండ దగ్గరికి వెళ్ళాలి.

పిండి గురించి గైడ్ చేత అడిగించాను. బియ్యం పాతవి కావాలిట, కొత్త బియ్యం జిగురుకి రేకు బద్దకి అంటుకుంటుంది. రాత్రి నానబోసి, రుబ్బి, కొన్ని గంటలు కదపకుండా ఉంచుతారు. పైకి తేరిన నీళ్ళు వంపేసి అంతే కొలతకి మంచినీళ్ళు పోస్తారు, పులుపు ఎక్కకుండా. దోసెల పిండి పులిసిందా లేదా అని మూత తీసి చూసుకునే మనకి, పులవకుండా కాపలా కాసే ఈ పద్ధతి కొత్తగా అనిపిస్తుంది.

ఎక్కడ చెడుతుందో కూడా అక్కడ నిలబడితే కనిపిస్తుంది. గుడ్డ వదులైతే నడిమి కుంగి పిండి అక్కడ చేరుతుంది, రేకు మధ్యలో మందం, అంచుల్లో చిరుగు. బియ్యప్పిండి అడుక్కి దిగుతుంది కాబట్టి ప్రతి గరిటెకీ ముందు కలపాలి. కలపకపోతే మొదటి రేకులు నీళ్ళలా, చివరివి అట్టలా వస్తాయి. మూత చదునుగా ఉంటే ఆవిరి బొట్లు కట్టి రేకు మీద పడి చిల్లులు పొడుస్తాయి. శంకువులా ఎత్తైన మూత పెడితే బొట్లు పక్కల వెంబడి జారిపోతాయి. నీళ్ళ మరుగు తగ్గితే రేకు ఉడికినట్టే కనిపించి బద్ద మీద చిరుగుతుంది.

ముంచుకునే పులుసు మళ్ళీ చేప సాస్‌తోనే, గోరువెచ్చగా. వెనకటికి ఇందులో కా కువోంగ్ అనే పెద్ద నీటిపురుగు సారం ఒక్క చుక్క వేసేవారు. ఇప్పుడా పురుగు అరుదు, ఖరీదూ ఎక్కువ. అడిగితే కొన్ని కొట్లలో విడిగా డబ్బు తీసుకుని వేస్తారు.

శాకాహారుల సంగతి విడిగా చెప్పాలి, ఎందుకంటే నడకలు అమ్మేవాళ్ళు “శాకాహారం ఉంది” అని ఒక్క మాటతో తేల్చేస్తారు. మాతో ఉన్న ఒకావిడకి మాంసం తీసేసిన పళ్ళేలు పెట్టారు, చేప సాస్ మాత్రం అన్నిట్లోనూ ఉంది. నువోక్ మామ్ అంటే చిన్న చేపల్నీ ఉప్పునీ తొట్లలో ఏడాదిపాటు ఊరబెట్టి తీసిన రసం. అక్కడ అది మనకి ఉప్పు ఎంతో అంత. మాంసం లేదంటే చేప సాస్ లేదని అర్థం కాదు. “తోయ్ ఆన్ చాయ్” అనాలి. చాయ్ అంటే బౌద్ధుల శాకాహారం, అందులో చేప సాస్ కూడా ఉండదు. ‘క్వాన్ చాయ్’ అని బోర్డున్న కొట్లు నమ్మకమైనవి. చాంద్రమాసపు మొదటి రోజు, పదిహేనో రోజు చాలామంది వియత్నామీయులు మాంసం మానేస్తారు. మన అమావాస్య, పౌర్ణమి దరిదాపుల్లో ప్రయాణం పెట్టుకుంటే శాకాహారం సులువుగా దొరుకుతుంది. బాన్ కువోన్‌లో కూర్పు లేని రకం కూడా ఉంది, నగరంలోనే థాన్ చీ అనే చోటు దానికి పేరు. అయితే ఉల్లి వేయించింది నూనెలోనా పంది కొవ్వులోనా అని అడిగి తీరాలి.

రొట్టె, తీపి గిన్నె గురించి పెద్దగా చెప్పుకోవాల్సింది లేదు. తా హియెన్ వీధి మూలన బియా హొయ్ ఏ రోజుది ఆ రోజే తాగేసే పలచని బీరు, చల్లగా ఉంటే చాలు.

గుడ్డు కాఫీ గురించి మాత్రం చెప్పాలి. 1946లో పాలకి కరువొచ్చినప్పుడు మెట్రోపోల్ హోటల్‌లో పనిచేసే న్గుయెన్ వాన్ జాంగ్ పాల బదులు గుడ్డు సొన గిలక్కొట్టి పోయడంతో ఇది పుట్టింది. ఆయన కుటుంబం నడిపే కాఫీ కొట్టు ఇప్పటికీ పాత పేటలోనే ఉంది. కప్పుకి ఒక పచ్చసొన, రెండు చెంచాల చిక్కటి తీపి పాలు కలిపి, చెంచా నిలబడేంత నురగ వచ్చేదాకా గిలకొడతారు. కింద చేదు రొబస్టా డికాక్షన్. కప్పుని వేడినీళ్ళ గిన్నెలో నిలబెట్టి ఇస్తారు. ఆ గిన్నె అలంకారం కాదు, కాఫీ చల్లారితే పచ్చిగుడ్డు నీచు పైకి తేలుతుంది. అందుకని ఫొటోలు తర్వాత, ముందు తాగండి. ఫిల్టర్ కాఫీ అలవాటున్న నాలుకకి ఈ డికాక్షన్ చేదు మొదటి గుక్కలో గట్టిగా తగులుతుంది, నురగతో కలిపి తాగితే సర్దుకుంటుంది.

డబ్బు దగ్గర ఒక జాగ్రత్త. 20,000 నోటూ 5,00,000 నోటూ రెండూ నీలమే, రెండిటి మీదా హో చి మిన్ బొమ్మే. మసక వెలుతురులో ఒకటి బదులు ఇంకొకటి ఇస్తే పదహారు వందల రూపాయలు పోతాయి. పెద్ద నోట్లు వేరే జేబులో పెట్టుకోండి. బాన్ కువోన్ కొట్టుకి 5,00,000 తీసుకెళ్తే చిల్లర కూడా దొరకదు.

మర్నాడు పొద్దున ఏడింటికి ఆ కొట్టుకే ఒక్కడినీ వెళ్ళాను. ధర అదే, 45,000. “కో ఓయ్” అని పిలిచి, వేలుతో కుండ పక్కన ఉన్న స్టూలు చూపించాను, కూర్చోమంది. పొద్దున జనం ఎక్కువ కాబట్టి కుండలు మూడు వెలిగాయి. పిండి గరిటె ఆగలేదు, ప్రతి గరిటెకీ ముందు గిన్నెలో ఒక్క చుట్టు కలపడమూ మానలేదు. తొమ్మిదిన్నరకి గిన్నె అడుగు కనిపించింది. చివరి రేకు ఎత్తాక ఆమె పొయ్యి తగ్గించి, కుండ మూతికి కట్టిన తాడు విప్పి, గుడ్డని చల్లనీళ్ళ బకెట్‌లో పడేసింది. వేలి కొసలతో నేత వెంబడి రుద్దుతూ పిండి వదలగొట్టింది. అది ఎండి నేతలో కూరుకుపోతే సాయంత్రానికి ఆవిరి పైకి రాదు.