ఓడలకు కొండారెడ్డి బురుజు

కర్నూల్లో ఎవరికి దారి చెప్పాలన్నా కొండారెడ్డి బురుజు నుంచే మొదలుపెడతాం. జర్మనీ ఉత్తర తీరంలోని కుక్స్‌హాఫెన్‌లో అలాంటి గుర్తే ఒకటి చూసొచ్చాం. కాకపోతే అది ఓడల కోసం కట్టింది. పేరు కూగెల్‌బాకె. కూగెల్ అంటే బంతి, బాకె అంటే దారిగుర్తు. ఎల్బే నది అక్కడితో అయిపోయి ఉత్తర సముద్రం మొదలవుతుందని లెక్క.

కర్నూలు వాళ్లకు శంషాబాద్ విమానాశ్రయం బెంగళూరు హైవే మీది నుంచే దగ్గర, హైదరాబాద్ ట్రాఫిక్‌లో పడక్కర్లేదు. ఫ్రాంక్‌ఫర్ట్‌లో దిగాక హాంబర్గ్‌కు రైల్లో సుమారు 4 గంటలు, అక్కణ్ణుంచి కుక్స్‌హాఫెన్‌కు ఇంకో 2 గంటలు. స్టేషన్ నుంచి గట్టు మీదుగా నడిచిపోవచ్చు. గొడుగు మాత్రం దండగ, ఆ గాలికి ఒక్క నిమిషం నిలవదు. టోపీ ఉన్న రెయిన్‌కోటు తీసుకెళ్లండి.

గోపురం ఎత్తు సుమారు 30 మీటర్లు, అంతా చెక్కే. దూరం నుంచి పైన నిండు బంతిలా కనిపించేది, కిందికెళ్లి తలెత్తి చూస్తే వరస చెక్కపట్టీలు. సందుల్లోంచి ఆకాశం కనబడుతుంది. మూసిన గోడైతే తుపాను గాలి మొత్తాన్ని తనమీదే మోయాలి. సందులుంటే గాలి దూరిపోతుంది, ఆకారం మాత్రం కంటికి నిలుస్తుంది. మన కరెంటు టవర్ల కిటుకే.

ఇది దీపస్తంభం పని కాదు. పగటిపూట నావికుడు ఆకారాన్ని గుర్తుపట్టి, పటంలో తానెక్కడున్నాడో చూసుకుంటాడు. ఆ తీరమంతా చదును, గుర్తుపెట్టుకోడానికి ఒక్క కొండ లేదు. గుత్తి కోటలాంటిది ఒకటుంటే ఈ గోపురంతో పనే ఉండేది కాదేమో! పొగమంచు కమ్మితే మాత్రం దీని పని సున్నా.

ఇక్కడ మొదటిది 18వ శతాబ్దం మొదట్లో లేచింది. తుపాన్లకు, పుచ్చుకు పోయినప్పుడల్లా మళ్లీ కట్టారు. ఎప్పుడూ నీళ్లలో మునిగున్న చెక్క, ఎప్పుడూ పొడిగా ఉన్న చెక్క చాలాకాలం ఉంటాయి. తడుస్తూ ఆరుతూ ఉండే చోటే ముందు పుచ్చుతుంది. బోల్టు రంధ్రాల్లో, దూలాల కోసిన కొసల్లో నీరు నిలిచి, పైకి బాగానే కనిపిస్తూ లోపల బోలవుతుంది. ఇప్పటి ఓడలకు ఉపగ్రహ నావిగేషన్ ఉంది, అయినా ఊరి అధికార చిహ్నంలో ఈ గోపురమే.

అసలు జాగ్రత్త ఆటుపోట్ల దగ్గర. అక్కడ నీటిమట్టం సుమారు 3 మీటర్లు పైకీ కిందికీ ఆడుతుంది. ఒక పోటు నుంచి ఇంకో పోటుకు సుమారు 12 గంటల 25 నిమిషాలు, కాబట్టి నిన్నటి టైము ఇవాళ పనికిరాదు, రోజుకు దాదాపు 50 నిమిషాలు ఆలస్యమవుతుంది. ఆటు సమయంలో కిలోమీటర్ల కొద్దీ బురదనేల తేలుతుంది. సరదాగా నడుచుకుంటూ దూరం పోతే, పోటు ముందుగా మీ వెనకున్న కాలవల్ని నింపుతుంది. ఎదురుగా పొడిగానే ఉంటుంది, తిరిగొచ్చే దారి మూసుకుపోతుంది. ఆ రోజు పట్టిక చూసుకోకుండా, గైడు లేకుండా దిగొద్దు.

ఫొటోకు సాయంత్రమే మేలు. ఊరివైపు నిలబడితే సూర్యుడు గోపురం వెనక దిగుతాడు, జూన్‌లో అది రాత్రి పది దగ్గర. తిండి అంటే బన్నులో పెట్టిన ఉప్పుచేప. కారం ఉండదు, సంచిలో కారప్పొడి ఉంటే మంచిది.